వలస తెలుగువారి ఇంటిపేర్లు: వ్యుత్పత్తి విమర్శ

తెలుగువారు నలుగురు కూడినచోట ఇంటిపేరు ప్రస్తావన రాక మానదు. సేలమున గాని, షోలాపురమున గాని, బరంపురమున గాని, క్రొత్తగా కలిసిన ఇద్దరు తెలుగువారు ముందుగా అడుగుకొను మాట "మీ ఇంటిపేరేమి?" అనియే. పేరు చెప్పిన వెంటనే దానికొక కథయు వెలువడును. ఏనుగు అన్న రాజుగారిచ్చిన గజము, పులి అన్న ముత్తాత చేసిన వేట, గంట అన్న కోటలోని కొలువు. ఇట్టి కథలు వినుటకు ఇంపుగనే యుండును. అందు నమ్మదగినదెంత, నమ్మరానిదెంత యను విచారణ మాత్రము అరుదు. ఆ విచారణకు అవసరమైన కొన్ని సూత్రములను నిదర్శనములతో పరిశీలించుటయే ఈ వ్యాసోద్దేశము.

మొదటి సాక్ష్యము వ్యాకరణము. తెలుగున ఇంటిపేరు మనిషిపేరునకు ముందు నిలుచును. అది విశేషణమువలె వర్తించును గనుక పెక్కుచోట్ల ఔపవిభక్తిక రూపమును దాల్చును. "ఇల్లు" అను శబ్దము "ఇంటిపేరు" అను మాటలోనే "ఇంటి" యైనది గదా. అట్లే ఊరు "ఊరి" యగును, పాడు "పాటి" యగును. వేమూరు నుండి వచ్చినవారు వేమూరివారు. కందుకూరు నుండి వచ్చినవారు కందుకూరివారు. "పాటి"తో ముగియు ఇంటిపేర్లు సాధారణముగా "పాడు"తో ముగియు గ్రామనామములవైపు చూపును. పైడిపాటివారు బంగారముతో సాటివచ్చువారని ఎవరైన అర్థము చెప్పినచో అది ముచ్చటగా నుండునే గాని నిలువదు. పదాంతరూపమును చూడక పదార్థమును ఊహించుటయే ఇంటిపేర్ల వ్యాఖ్యానములందు తరచుగా కానవచ్చు దోషము.

రెండవ దోషము రెండు విచారణలను ఒకటిగా కలుపుట. త్యాగరాజస్వామి (1767–1847) తిరువారూరున జన్మించి తిరువయ్యారున జీవించెను. కావేరీతీరమున స్థిరపడినను ఆ వంశము కాకర్లవారుగనే ప్రసిద్ధమైనది. కాకర్ల కంభము ప్రాంతమునందలి గ్రామము. ఆ ఇంటిపేరునకు కాకర పాదులతో సంబంధమున్నదా యని అడుగుట తగని ప్రశ్న. ఉన్నచో ఆ సంబంధము ఊరికి, ఇంటికి కాదు. ఇంటిపేరు ఊరినుండి వచ్చినది. ఊరిపేరు ఎందుండి వచ్చెనన్నది వేరు సమస్య. ఈ రెండు మెట్లను వేరుచేయనిచో గ్రామనామమునందలి చెట్టును, చేమను, మృగమును ఆ కుటుంబమునకు అంటగట్టుట జరుగును.

మోక్షగుండం విశ్వేశ్వరయ్య జన్మించినది కర్ణాటకమందలి ముద్దెనహళ్ళిలో. పూర్వుల గ్రామమైన మోక్షగుండము ఆంధ్రదేశమునందున్నది. సర్వేపల్లి రాధాకృష్ణన్ (1888–1975) జన్మస్థానము తిరుత్తణి. సర్వేపల్లి నెల్లూరు జిల్లాలోని గ్రామము. ఈ మూడు నిదర్శనములను ప్రక్కప్రక్కన నిలిపి చూచిన ఒక విషయము స్పష్టమగును. ఒక ఊరిలో నున్నంతకాలము ఆ ఊరిపేరు అచటివారిని గుర్తించుటకు పనికిరాదు. అందరును ఆ ఊరివారే గదా. ఊరు విడిచి మరొక ఊరు చేరినప్పుడే పాత ఊరిపేరు గుర్తుగా నిలుచును. కావున గ్రామనామమైన ఇంటిపేరు సాధారణముగా వలసకు సాక్ష్యము. చోళదేశమున నున్నను, మైసూరు సీమలో నున్నను, వ్రాయకయే మిగిలిన ప్రయాణపత్రమది.

అయినను ఆ పత్రమునకు హద్దు కలదు. అది ప్రయాణమునందలి ఒక్క మజిలీని మాత్రమే చెప్పును. ఆ మజిలీకి ముందు ఆ కుటుంబమెచట నుండెనో చెప్పదు. ఇంటిపేరునుబట్టి మూలస్థానమును, అటనుండి కులగౌరవమును, అటనుండి రాజవంశ సంబంధమును నిర్ణయించువారు ఈ హద్దును మరచుచున్నారు. ఒకే ఊరినుండి బయలుదేరిన పలుకులములవారికి ఒకే ఇంటిపేరు కలుగుట సహజము. ఇంటిపేరు ఒకటైనంత మాత్రమున రక్తసంబంధము సిద్ధింపదు. వేరైనంత మాత్రమున అది లేదనియు చెప్పరాదు. ఇంటిపేర్లు మారును గనుక.

ఏనుగు లక్ష్మణకవి వంశచరిత్ర ఇందుకు తగిన ఉదాహరణము. ఆ వంశమువారు మొదట పైడిపాటివారనియు, పూర్వులలో ఒకరు పెద్దాపుర సంస్థానమున ఏనుగును బహుమానముగా పొందుటచే ఏనుగువారైరనియు సంప్రదాయము. ఇచట కథ ఇంటిపేరునకు అలంకారము మాత్రమే కాదు. పూర్వపు ఇంటిపేరును గూడ చెప్పుచున్నది గనుక దానికి విలువ హెచ్చు. కాశీయాత్ర (1830–31) చేసి దాని చరిత్ర వ్రాసిన చెన్నపట్టణవాసి ఏనుగుల వీరాస్వామయ్య ఇంటిపేరునందును ఏనుగు కలదు. దానినిబట్టి ఈ రెండు కుటుంబములు ఒకటే యని గాని, రెండింటికిని గజమే బహుమానమని గాని తలచుట విమర్శ కాదు.

మనుష్యులకు ఊరు ఇంటిపేరైనట్లే, నిలిచిన ఊరు బిరుదు కావచ్చును. నాటకరంగమున బళ్ళారి రాఘవగా ప్రసిద్ధుడైన నటుని (1880–1946) అసలు ఇంటిపేరు తాడిపత్రి. తాడిపత్రి అనంతపురము జిల్లా పట్టణము. ఒకే మనిషియందు విడిచిన ఊరును, నిలిచిన ఊరును రెండు పేర్లుగా కనబడుచున్నవి. 1953లో బళ్ళారి మైసూరు రాష్ట్రమున చేరినది. ఆ పేరు మాత్రము తెలుగు నాటకచరిత్రలో చెక్కుచెదరక యున్నది.

ఉద్యోగనామములు మరియొక తెగ. ఎఱ్ఱాప్రెగ్గడ పేరునందలి "ప్రెగ్గడ" మంత్రి మొదలగు అధికారులకు చెల్లిన పదవీనామము. కన్నడమున "పెర్గడె" అను పదము "హెగ్గడె" యైనది. తెలుగు "పాలు" కన్నడమున "హాలు" అయినట్లే, "పల్లి" "హళ్ళి" అయినట్లే, ఇచటను పకారము హకారమైనది. కావున ప్రగడ శబ్దాంతమైన తెలుగు ఇంటిపేర్లును, కన్నడసీమ హెగ్డేలును ఒకే పదవీనామమునకు రెండు భాషలు దిద్దిన రూపములు. పదము ఒకటైనంతనే వంశము ఒకటి యనరాదని మరల చెప్పనక్కరలేదు. నాయకుడు "నాయుడు" అగుట, శ్రేష్ఠి "సెట్టి" యగుట, శాసనములందలి "రట్టగుడి" కాలక్రమమున "రెడ్డి" యగుట భాషాచరిత్రకారులు చెప్పినవే. ఇవి పేరు చివర నిలుచు గౌరవపదములు, ఇంటిపేర్లు కావు.

వలస ప్రాంతములందు లిపియు ఒక చిక్కు తెచ్చినది. తమిళలిపిలో కకార గకారములకు ఒకే అక్షరము. తకార దకారములకును, పకార బకారములకును అంతే. తెలుగు గుడి తమిళలిపిలో "కుడి"గా చదువబడును. దాసరి "తాసరి"గా కనబడును. 1799లో ఉరితీయబడిన పాంచాలంకురిచ్చి పాళెగాని పేరు కట్టబొమ్మన్ అని లోకప్రసిద్ధము. దానికి మూలము "గట్టిబొమ్మ" అని చెప్పుదురు. ఇట్టి పేర్లను తమిళపు వ్రాతను మాత్రమే చూచి నిర్వచించువాడు, గుడికి బదులు తమిళమున వేరర్థములు గల "కుడి"ని పట్టుకొని దారి తప్పును. ముందు వృద్ధుల నోటినుండి ఉచ్చారణను పునరుద్ధరింపవలెను, అర్థవిచారము తరువాత.

పేర్ల వరుసయు ప్రాంతమునుబట్టి మారినది. మహారాష్ట్రమున తనపేరు, తండ్రిపేరు, ఇంటిపేరు అను వరుస చెల్లుచున్నది. షోలాపుర శాసనసభ్యుడుగా ఎన్నికైన నరసయ్య నారాయణ ఆడం పేరు ఆ వరుసలోనిదే. 1894లో బరంపురమున జన్మించిన వరాహగిరి వేంకటగిరి పేరును అన్యప్రాంతీయులు పలుకునపుడు "గిరి" ఇంటిపేరువలె తోచును. నిజమున ఇంటిపేరు వరాహగిరి. ఫ్రెంచి భారతమున 1881 నాటి ఉత్తరువు ప్రకారము, స్వీయధర్మమును వదలి ఫ్రెంచి పౌరస్మృతిని స్వీకరించినవారు ఒక వంశనామమును ఎన్నుకొనవలసి యుండెను. 1954 వరకు ఫ్రెంచి పాలనలో నున్న యానాము కుటుంబముల పేర్లను పరిశీలించువారు ఈ సంగతిని మరువరాదు. అట్లు ఎన్నుకొనిన పేరునకు వ్యుత్పత్తికంటె దస్తావేజు ముఖ్యము.

ఈ విచారణ కేవలము పండితవినోదము కాదు. తమిళనాట తండ్రిపేరు మొదటి అక్షరమును తనపేరునకు ముందు వ్రాయుట ఆచారము. అచట స్థిరపడిన తెలుగువారి ఇంటిపేరు మొదట ఒక పొడియక్షరమైనది. పిమ్మట ఆ అక్షరము తండ్రిపేరుదిగా చదువబడినది. తుదకు ఆ స్థానమున తండ్రిపేరే నిలిచినది. నేడు ప్రయాణపత్రమునకు దరఖాస్తు నింపువేళ వంశనామమను గడిలో తండ్రిపేరు వ్రాయువారెందరో కలరు. అటుపిమ్మట తరమునకొక వంశనామము. తెలుగు చదువను వ్రాయను రాని కుటుంబములందు ఇంటిపేరు తరచుగా మిగిలిన కడపటి తెలుగుమాట. అది కాగితమునుండి తొలగిన పిమ్మట ముసలివారి జ్ఞాపకమున మాత్రమే యుండును. ఆ జ్ఞాపకము వారితోనే పోవును.

దీనికి లౌకికఫలము కూడ కలదు. పలు తెలుగు కులములలో ఒకే ఇంటిపేరువారు వియ్యమందరు. గోత్రము తెలియనిచోట ఇంటిపేరే ఆ నియమమును కాపాడును. ఆడపడుచు అత్తవారింటి పేరు ధరించినను పుట్టింటిపేరు చెప్పనిదే సంబంధముల మాట ముందుకు సాగదు. ఇంటిపేరు పోయిననాడు చుట్టరికపు లెక్కయు తప్పును.

కావున తెలుగు సంఘములు చేయదగిన పనులు రెండు. తమ సభ్యుల పట్టికలందు పొడియక్షరములను వదలి, ఇంటిపేరును తెలుగులిపిలో, పెద్దలు పలికిన రీతిని, పూర్తిగా వ్రాయించుట మొదటిది. ఆ పేరునుగూర్చి ఇంటివారు చెప్పు కథను, పుట్టింటిపేరును, పూర్వులు విడిచిన ఊరి పేరును, చెప్పినవారి వయస్సుతో సహా ప్రక్కనే చేర్చుట రెండవది. కథ నిజమా కాదా యని అప్పుడే తేల్చనక్కరలేదు. శాసనములతోను, కైఫీయతులతోను, గ్రామనామములతోను సరిచూచు పని తరువాతివారు చేయుదురు. సరిచూచుటకు పేరే మిగులనిచో విమర్శకు తావే లేదు.