ఆరో రోజు

కార్తీక అమావాస్యకు కారంపూడిలో పల్నాటి వీరుల ఉత్సవాలు మొదలవుతాయి. రాచగావు, రాయబారం, మందపోరు, కోడిపోరు, కల్లిపాడు. అయిదు రోజులు. వీరవిద్యావంతులు పల్నాటి యుద్ధంలో నేలకొరిగిన బాలచంద్రుడి కథ ఎత్తుకుంటే, నడికుడి నుంచి వెళ్లిన మా పిల్లమూకకు ఒళ్లు తెలిసేది కాదు. కల్లిపాడుతో కథ అయిపోతుంది. జనం ఇళ్లకు పోతారు. ఆరో రోజు పొద్దున, పోరులో పోయిన వీరుల ఇళ్లలో పొయ్యి ఎవరు వెలిగించారో ఏ పాటలోనూ నాకు వినబడలేదు.

ఆ ఆరో రోజును జపాన్ దర్శకుడు యసుజిరో ఓజు సినిమా తీశాడు. 1953లో వచ్చిన 'టోక్యో స్టోరీ'. ఒనోమిచి అనే ఊరి నుంచి ముసలి దంపతులు పిల్లల్ని చూడ్డానికి రైలెక్కి టోక్యో వెళ్తారు. డాక్టరు కొడుక్కి తీరిక లేదు, బ్యూటీపార్లరు నడుపుకునే కూతురికీ లేదు. యుద్ధానికి వెళ్లి తిరిగిరాని కొడుకు భార్య నొరికో మాత్రం ఆఫీసుకి సెలవు పెట్టి ఊరంతా తిప్పుతుంది. భర్త పోయి ఎనిమిదేళ్లు. ఉండేది ఒంటి గదిలో. మామగారికి పోయడానికి ఇంట్లో సాకే అనే మద్యం లేకపోతే పక్కగదికి పోయి బదులు తెస్తుంది, గిన్నెలతో సహా. చుట్టం గడప తొక్కగానే పక్కింటికి పంచదార గ్లాసు పట్టుకుని పరిగెత్తే మా అమ్మే నాకు అక్కడ కనిపించింది. అత్తగారు మరో రాత్రి కోడలి గదిలోనే, పోయిన కొడుకు పరుపు మీద పడుకుంటుంది.

ఓజు స్వయంగా చైనా యుద్ధంలో సిపాయిగా పనిచేసినవాడు. అయినా ఈ సినిమాలో ఒక్క తుపాకీ లేదు. కెమెరాను కిందికి దించి, చాప మీద కూర్చున్నవాళ్లకు దగ్గరగా పెట్టాడు. అన్ని కులాలూ ఒకే చాప మీద కూర్చుని తినే చాపకూడు పుట్టిన సీమవాళ్లం, ఆ ఎత్తు మనకు తెలియంది కాదు. బంతిలో ఎవరి చోటు ఖాళీగా ఉందో అక్కణ్నుంచి ఇట్టే తెలుస్తుంది. కథ చెప్పడంలో ఇంతకంటే గొప్ప పనితనం నేను చూడలేదు.

పల్నాటి యుద్ధం ముగిశాక బాలచంద్రుడి తండ్రి బ్రహ్మనాయుడు గుత్తికొండ బిలంలోకి వెళ్లాడని మనవాళ్లు చెబుతారు. మరి కొడుకును పోగొట్టుకున్న తల్లి ఐతాంబ? ఆమె ఏ అరుగు మీద కూర్చుంది, ఎవరికి అన్నం పెట్టింది?

పల్నాట నాటకాలు రాసేవాళ్లను, కథ పాడేవాళ్లను అడుగుతున్నాను. ఐతాంబ ఇంట్లో జరిగే ఒక్క రంగం రాయండి. కారంపూడిలో ఆరో రోజు ఆడండి. నేను నడికుడి నుంచి వచ్చి ముందు వరసలో చాప వేసుకుంటాను.