పర్వతము ఆలంబనమా, ఉద్దీపనమా? — గేరీ స్నైడరు కవితావిచారము

దండి కావ్యాదర్శమునందు మహాకావ్యమునకు వర్ణనీయములని చెప్పినవానిలో నగరము, అర్ణవము, శైలము ననునవి వరుసగా వచ్చును. తెలుఁగువారి యష్టాదశవర్ణనల పట్టికయందును బర్వతమున కట్టి స్థానమే కలదు. నాయకుఁడు పోవు త్రోవలోఁ గొండ యొకటి తగులును. కవి పది పద్యములు చెప్పును. కథ ముందునకు సాగును. రసశాస్త్రమునను దానికి హెచ్చు గౌరవము లేదు. సాహిత్యదర్పణమున విశ్వనాథుఁడు శాంతరసమునకు సర్వవస్తువుల యనిత్యత్వముచేఁ దెలియవచ్చు నిస్సారతగాని పరమాత్మస్వరూపముగాని యాలంబనమనియు, పుణ్యాశ్రమములు, తీర్థములు, రమ్యవనములు మున్నగునవి యుద్దీపనములనియు నిరూపించెను. వనము శమమును రగుల్పవచ్చును గాని శమమునకు విషయము కాఁజాలదు. గేరీ స్నైడరను నమెరికాకవి గ్రంథములను జదువునపుడు ఈ విభాగమును మరలఁ బరీక్షింపవలసివచ్చును.

ఇతఁడు 1930లో సాన్ ఫ్రాన్సిస్కో నగరమున జన్మించి, సియాటిల్ పట్టణమున కుత్తరమున నొక చిన్న వ్యవసాయక్షేత్రమునఁ బెరిగెను. రీడు కళాశాలలో మానవశాస్త్రమును సాహిత్యమును జదివి 1951లోఁ బట్టము వడసెను. హైడాజాతివారి పురాణకథ యొకదానిపై నాఁడు వ్రాసిన పరిశోధనము 1979లో గ్రంథరూపమున వెలువడినది. విద్యాపీఠమున స్థిరపడఁదగిన యీ విద్వాంసుఁడు 1952లోఁ గ్రేటరు పర్వతముపైని, 1953లో సోర్డో పర్వతముపైని దావాగ్నులను గనిపెట్టు కావలివాఁడుగా వేసవులు గడపెను. 1954లో రాజకీయసందేహముచే నా కొలువు నిరాకరింపఁబడఁగా, నఱికిన మ్రాఁకులకు ఇనుపత్రాళ్లు తగిలించు కూలివాఁడయ్యెను. 1955 వేసవియందు యోసెమిటీ కొండలలో బాటలు వేయు పనివారిలో నొక్కఁడు. ఈ యుద్యోగముల పట్టిక చరిత్రకారుల యలంకారము కాదు. కవిత్వమంతయు నిందుండియే పుట్టినది.

"రిప్‌రాప్" అనునది బాటలు వేయువారి మాట. నిటారైన నునుపుబండలపై గుఱ్ఱముల గిట్టలు జాఱకుండుటకై ఱాళ్లను బిగించి పఱచుట దాని యర్థము. 1959లో క్యోటో నగరమున నచ్చైన యీ కవి ప్రథమగ్రంథమునకు అదియే పేరు. తన పద్యముల నడక శరీరశ్రమ నడకనుండి వచ్చుననియు, ఈ గ్రంథమునందలి పద్యములు గ్రానైటు ఱాళ్లనెత్తి పేర్చు దినకృత్యముచే రూపొందెననియు నతఁడే చెప్పెను. యతిప్రాసలు లేని పలుకులు పద్యములెట్లగునని యడుగు పండితులకు ఇది చాలిన సమాధానము కాకపోవచ్చును. కాని యేతము త్రొక్కువాని పాటకు గణములు నేర్పినదెవ్వరు? అడుగు పడిన చోటనే తాళము పడును. భేదమొకటి కలదు: స్నైడరు పద్యమున గానము లేదు. ఏకాక్షరపదములనే యెక్కువగాఁ దీసికొని, సర్వనామములను బలుచోట్ల విడిచి, మాటకు మాట యొరసికొనునట్లు పేర్చును. సున్నము లేక నిలిచిన ఱాతిగోడవంటి దీ రచన. నడుమనొక్క మాటను దీసినఁ బైపంక్తి కూలును.

ఆ గ్రంథమునందలి తొలిపద్యమే పరీక్షింపఁదగినది. సోర్డో పర్వతపుఁ గావలిగుడిసెను గూర్చిన యీ పద్యము పది పంక్తులది. ఐదైదుగా రెండు ఖండములు. మొదటి ఖండమున లోయను గమ్మిన పొగ, వానవెనుకటి యెండ, చెట్టుకాయలపై మెఱయు బంక, క్రొత్తగాఁ బుట్టిన యీఁగలు—ఇవియే కలవు, మనుష్యుఁడు లేఁడు. రెండవ ఖండమున నతఁడు వచ్చును గాని, చదివినది మఱచితినను మాటతో వచ్చును. కవి హృదయమునకుఁ దగిన ప్రకృతిని గూర్చుట మేఘసందేశాదులయందుఁ బ్రసిద్ధము. ఇచ్చటఁ గ్రమము తలక్రిందు: ప్రకృతి ముందున్నది, దానికిఁ దగినంతగా మనుష్యుఁడే కుదింపఁబడినాఁడు. చదువు జాఱిపోవుటయందు దుఃఖము లేదు, గర్వమును లేదు. శమమునకు విషయ మా కొండయే. దానిని ఉద్దీపనమన్నచో ఆలంబనమునకై పద్యమున వెదకవలసివచ్చును; వెదకినను దొరకదు.

ఇచ్చటఁ బెద్దన ప్రవరుఁడు జ్ఞప్తికి రాకమానఁడు. సిద్ధుఁడొసఁగిన పాదలేపముచే నతఁడు హిమవంతమును జేరెను, నడచి యెక్కలేదు. లేపము మంచునఁ గరఁగువఱకు ఆ కొండ చూడఁదగిన వింత; కరఁగిన పిమ్మట దాఁటరాని దూరము. మనుచరిత్రమున నా క్షణమునఁ గథ వరూధినివైపు మరలును. మరలకున్నఁ గావ్యమే లేదు గదా. స్నైడరు కవిత్వము లేపము కరఁగిన కాళ్లతో మొదలగును.

బర్క్‌లీ విశ్వవిద్యాలయమున నితఁడు చీనాభాషను జెన్ షీ-షియాంగను పండితునొద్ద నభ్యసించుచు, టాంగు వంశమునాఁటి విరాగి హాన్‌షాన్ పద్యములు 24 ఆంగ్లీకరించెను. హాన్‌షాన్ అనఁగా శీతలపర్వతము. కవిపేరు, అతఁడున్న చోటు, అతని మనఃస్థితి మూఁడును నొక్క మాటయే. ఈ యనువాదములయందుఁ గాలిఫోర్నియా కొండల చలి చీనాకొండలలోనికిఁ బ్రవేశించినదని యాక్షేపింపవచ్చును. అది నిజమే, ఆ చలి లేకున్న ననువాదము నిఘంటువుగా మిగిలియుండును.

1955 అక్టోబరు 7వ తేదీరాత్రి సాన్ ఫ్రాన్సిస్కోలోని సిక్స్ గ్యాలరీయందు జరిగిన కవితాపఠనమును బీట్ కవుల యుద్యమమునకు నాందిగాఁ జెప్పుదురు. ధనార్జనమును, యుద్ధసన్నాహమును, పట్టణమర్యాదలను ధిక్కరించిన యీ తరమువారిని లోకము తరువాతఁ బ్రతిసంస్కృతితోఁ గలిపి చెప్పెను. ఆ రాత్రి ఆలెన్ గిన్స్‌బర్గు నగరముయొక్క యున్మాదమును వినిపించెను. స్నైడరు చదివినది అడవిపండ్ల విందును గూర్చిన కావ్యము. 1958లో జాక్ కెరువాక్ తన నవలయందు నితనిని జేఫీ రైడరను పాత్రగాఁ జిత్రించి ప్రసిద్ధునిఁ జేసెను. అప్పటికే యితఁడు 1956లో జపానుకుఁ బోయి జెన్ సాధనమున (మన ధ్యానశబ్దమే చీనామీఁదుగా నట్లు మాఱినది) దిగియుండెను. ధిక్కారమును గంఠస్వరముతోఁ గొలుచువారికి స్నైడరు మెత్తనివాఁడుగాఁ గనఁబడును. ఏండ్లకొలఁది కూలిపనియు నాశ్రమనియమమును బూనుట కేకకంటెఁ దక్కువ ధిక్కారము కాదు.

1962లో నితఁడు భారతదేశమున సంచరించెను. 1969లోఁ బ్రకటించిన వచనగ్రంథమున వాగ్దేవిని బ్రస్తావించి, సరస్వతీశబ్దమునందలి ప్రవాహార్థమును గ్రహించెను. వాక్కును నదియు నొక్క దేవతయే యను వైదికభావమున నతనికిఁ దన శిల్పమునకుఁ బ్రమాణము దొరికినది. మన పాఠశాలలలో నీ యర్థమును శ్లోకవ్యాఖ్యకొఱకుఁ జెప్పి విడుతుము; అతఁడు దానిని రచనారహస్యముగా వాడుకొనెను.

1974లో వెలువడిన "టర్టిల్ ఐలండ్" అను సంపుటమునకు 1975లోఁ బులిట్జరు బహుమానము వచ్చెను. భూఖండము తాఁబేటి వీఁపున నిలిచినదను నమెరికా మూలవాసుల కథనుండి యా పేరు గైకొనఁబడినది. మన యాదికూర్మము తలఁపునకు వచ్చుట సహజము. కీర్తి హెచ్చిన యీ గ్రంథముననే రచన పలుచఁబడినది. చివర వచనభాగమున జనసంఖ్య, కాలుష్యము మొదలగువానిపై నుపదేశము కలదు. ఆ యుపదేశము కొన్ని పద్యములలోనికిని జొచ్చి ఱాళ్ల సందులను సున్నముతో నింపినది. అంతకంటె గట్టి యాక్షేపణము లెస్లీ మార్మన్ సిల్కో యను మూలవాసి రచయిత్రిది. మూలవాసుల కథలను గైకొన్న కవి, తాను నివసించు నేల వారినుండి యపహరింపఁబడినదను సత్యమును గ్రంథమున నొప్పికొనలేదని యామె యా దశకముననే వ్రాసెను. 1970లో స్నైడరు సియెరా కొండలలోఁ గట్టుకొన్న యింటికిఁ బెట్టిన పేరు, కిట్‌కిట్‌డిజీ, అచ్చటి పొద యొకదానికి మూలవాసులు పెట్టిన పేరే.

ఈ యాక్షేపణము కావ్యవిచారమునకు వెలుపలిదని త్రోసివేయరాదు. ఆలంబనమునకుఁ జరిత్ర యుండును. సీతకుఁ బుట్టినిల్లు లేదన్న రామాయణము నిలువదు. నేలను మనుష్యచరిత్రనుండి కడిగి పవిత్రముగా నిలిపిన చోటులందు, కవి యెంత నమస్కరించినను నది మరల రమ్యవనమే, అనఁగా నుద్దీపనమే యగును. స్నైడరు దుర్బలపద్యములన్నియు నిట్టివి. పనిముట్టు చేత నున్నపు డతనికీ తప్పు రాదు. చేతులు ఖాళీయైనపుడు వచ్చును.

1956లో నారంభించి నలువదియేండ్లకు 1996లో ముగించిన "మౌంటెన్స్ అండ్ రివర్స్ వితౌట్ ఎండ్" అను దీర్ఘకావ్యము చీనా చిత్రపటమువలెఁ జుట్టవిప్పుచుఁ జదువఁదగినది. అందు సమత లేదు, ఎత్తులు కలవు.

తుదకుఁ బేర్కొనవలసినది 2004లోని "డేంజర్ ఆన్ పీక్స్". 1945 ఆగస్టులోఁ బదునైదేండ్ల ప్రాయమున నితఁడు సెయింట్ హెలెన్స్ శిఖరమునెక్కి దిగి, మఱునాఁటి పత్రికలలో హిరోషిమా చిత్రములను జూచెను. ఆ పర్వతముయొక్క నిర్మలత్వము, శాశ్వతత్వము సాక్షిగా నట్టి వినాశశక్తి నెదిరింతునని యొట్టుపెట్టుకొనెను. 1980 మే 18వ తేదీన నా పర్వతమే బ్రద్దలయ్యెను. శిఖరము సుమారు 400 మీటరులు తగ్గెను. ఏఁబదియేండ్లకుఁ బైఁబడిన పిమ్మట వ్రాసిన యీ గ్రంథమునఁ గవి యా శపథమును దాఁచలేదు, సాక్షి చెదరిపోయెనని వాపోవను లేదు. బూడిదనేలపై మరల నడచెను. విశ్వనాథుఁడు శాంతమున కాలంబనముగాఁ జెప్పిన యనిత్యత్వము ఉద్దీపనముగా నుండవలసిన శైలమునందే యిచ్చటఁ గానవచ్చుచున్నది.