కాలయంత్రానికి హద్దులు

కాలంలో వెనక్కీ ముందుకీ తిరిగే యంత్రం కథలోకి రాగానే అది ఎలా నడుస్తుందని అందరూ అడుగుతారు. కథ రాసేవాడు మాత్రం అది ఎక్కడ ఆగాలో ముందు తేల్చుకోవాలి. ఏ కాలానికైనా వెళ్లి దేన్నయినా మార్చేయగలిగితే ఇక కథేముంది? చేసిన తప్పు చెరిపేయవచ్చు, పోయినవాళ్లను తెచ్చుకోవచ్చు, పాత్రకు దేనికీ భయపడే పని ఉండదు. యంత్రాన్ని ఎంత దూరం పోనివ్వాలి, అక్కడ దేన్ని ముట్టుకోనివ్వకూడదు, వెళ్లినందుకు ఏం పోగొట్టుకోవాలి అన్న లెక్క సరిగ్గా కుదరడంలోనే ఈ కథల నేర్పంతా ఉంది. తెలుగువాళ్లు ఈ లెక్క బాగా కుదిర్చారనీ, ఆ నేర్పును మనం చాలినంతగా గుర్తించలేదనీ నా అభిప్రాయం.

1991లో వచ్చిన ‘ఆదిత్య 369’ సినిమానే చూడండి. దర్శకుడు సింగీతం శ్రీనివాసరావుకు ప్రేరణ హెచ్.జి. వెల్స్ 1895లో రాసిన ‘ది టైమ్ మెషీన్’ నవల. వెల్స్ తన కథానాయకుణ్ణి 8,02,701వ సంవత్సరానికి పంపాడు. అక్కడ ఏముందో పాఠకుడికి తెలియదు, రచయిత చెప్పిందే లోకం. సింగీతం మాత్రం యంత్రాన్ని ముందుగా 1526 దగ్గర ఆపారు. కృష్ణదేవరాయలు ఏలింది 1509 నుంచి 1529 వరకు. ఆ కొలువు తెలుగు ప్రేక్షకుడికి కొత్త కాదు. పాఠ్యపుస్తకాల్లో చదివాడు, తెనాలి రామకృష్ణుడి కథల్లో విన్నాడు. కాబట్టి ఈ కాలపు మనిషి అక్కడ అడుగుపెట్టగానే, ఏం చెడగొడతాడోనన్న బెంగ ఎవరూ చెప్పకుండానే పుడుతుంది. ఇంకో బిగింపు ఇంతకన్నా గట్టిది. సినిమాలో రాయల కాలపు వజ్రం ఒకటి ఉంది. మన రోజుల్లో దాన్ని సాలార్‌జంగ్ మ్యూజియంలో చూస్తాం, అక్కడే దొంగతనం జరుగుతుంది. ఇప్పుడు మ్యూజియంలో ఉందంటే అప్పుడు దానికేమీ కాకూడదన్నమాట. ఒక్క రాయి రెండు యుగాలనూ కలిపి కట్టేసింది. ఆ తర్వాత యంత్రం 2504కి దూకుతుంది. మూడో ప్రపంచయుద్ధం అయిపోయి, పైన రేడియేషన్ నిండి, మనుషులు నేల కింద బతుకుతున్న కాలమది. చెర్నోబిల్ ప్రమాదం జరిగి అప్పటికి అయిదేళ్లే. గతంలో చరిత్ర చెడుతుందన్న భయం, భవిష్యత్తులో మనం చెడగొట్టిన లోకాన్ని చూడాల్సిన భయం. ఈ రెండింటి మధ్యా నడిపారు కాబట్టే జంధ్యాల మాటల్లోని హాస్యం ఎంత పండినా కథ పలచబడలేదు.

ఇదంతా పడమటి నుంచి తెచ్చుకున్న సరుకేగా అనేవాళ్లున్నారు. యంత్రం అక్కడిదే, కాదనను. దానికి వేసిన హద్దు మాత్రం మన ఇళ్లలో ఎప్పటినుంచో ఉంది. భాగవతం తొమ్మిదో స్కంధంలోని రైవతుడి కథను పోతన తెలుగు చేశాడు. కూతురు రేవతికి తగిన వరుణ్ణి అడగడానికి ఆ రాజు బ్రహ్మలోకం వెళతాడు. అక్కడ పాట సాగుతుంటే అయ్యేదాకా ఆగుతాడు. ఆ కాసేపట్లో భూమ్మీద ఇరవై ఏడు మహాయుగాలు దొర్లిపోయాయి. మనసులో అనుకున్న వరులే కాదు, వాళ్ల వంశాలు కూడా మిగల్లేదు. బ్రహ్మ బలరాముణ్ణి చూపిస్తాడే తప్ప కాలాన్ని వెనక్కి తిప్పడు. సృష్టికర్తకు కూడా ఆ పని అప్పగించని కథ ఇది. కాలం ముందుకే పోతుంది, పోయిన దానికి మూల్యం చెల్లించాల్సిందే.

వెనక్కి వెళ్లే కథల్లో ఈ నియమం నిలపడం కష్టం. 2022లో వచ్చిన ‘ఒకే ఒక జీవితం’ దాన్ని నిలిపింది. ముగ్గురు స్నేహితులు 1998కి వెళతారు. ఒకడికి అమ్మను దక్కించుకోవాలని, ఒకడికి చిన్నప్పుడే ఇంగ్లీషు నేర్పించుకోవాలని, మరొకడికి చేజారిన ప్రేమ కావాలని. యంత్రం వాళ్లను చేర్చవలసిన చోటికే చేరుస్తుంది. కానీ అమ్మ దక్కదు. ఏమీ మారనప్పుడు వెళ్లి ఏం లాభమని అడగవచ్చు. ఆమెతో గడిపిన ఆ కొద్దిపాటి కాలం ఉంది కదా! అమ్మ బతికేస్తే ఆ గడియలకు ఇంత బరువు ఉండేది కాదు. హద్దు పెడితే ఊహకు రెక్కలు కత్తిరించినట్టేనన్న వాదనకు నాకు దొరికిన మంచి జవాబు ఈ సినిమాయే. మొదటి సగంలో ఒక నియమం చెప్పి, కథానాయకుడికి ఇబ్బంది రాగానే చివరి సన్నివేశంలో దాన్ని సడలించే సినిమాలు ప్రేక్షకుణ్ణి మోసం చేస్తున్నాయి.

అయినా కట్టుకథకు ఇంత కట్టుదిట్టం దేనికని ఇంకో ప్రశ్న. కాలంతో పనిచేసే నిజమైన యంత్రాలకూ ఇది తప్పడం లేదు. జీపీఎస్ ఉపగ్రహాలు సుమారు 20,200 కిలోమీటర్ల ఎత్తున తిరుగుతాయి. అక్కడ గురుత్వం తక్కువ కాబట్టి వాటి గడియారాలు రోజుకు 45 మైక్రోసెకన్లు ముందుకు నడుస్తాయి, వేగం వల్ల 7 మైక్రోసెకన్లు వెనకబడతాయి. మిగిలిన 38 మైక్రోసెకన్ల తేడా కోసం ప్రయోగానికి ముందే ఆ గడియారాలను కొంచెం నెమ్మదిగా నడిచేలా సరిచేస్తారు. ఆ పని చేయకపోతే దూరం లెక్కలో రోజుకు పది కిలోమీటర్లకు పైగా తప్పు పేరుకుంటుంది. అప్పుడు మేడ్చల్ నుంచి దేవరయాంజాల్ సీతారామచంద్రస్వామి గుడికి బయల్దేరినవాళ్లకు ఫోను శామీర్‌పేట అవతల ఎక్కడో గుడి చూపిస్తుంది. భౌతికశాస్త్రం ప్రకారం కూడా కాలంలో ముందుకు జారడం సాధ్యమే, వెనక్కి వెళ్లడాన్ని ఇంతవరకూ ఎవరూ చేసి చూపలేదు. దీన్నిబట్టి పురాణాల్లో సాపేక్షతా సిద్ధాంతం ఉందనడం తప్పు. ఏది నమ్మేలా ఉంటుందో, ఏది ఉండదో కథకుడికి పట్టుబడిందని మాత్రం చెప్పవచ్చు.

‘ఆదిత్య 369’ 2025 ఏప్రిల్‌లో మెరుగుపరిచిన బొమ్మతో మళ్లీ థియేటర్లకు వచ్చింది. దానికి కొనసాగింపు తీస్తారన్న మాట ఏళ్లుగా వినిపిస్తోంది. ఇప్పుడు గ్రాఫిక్స్‌కు కొరత లేదు, రాయల హంపీని ఇటుక ఇటుకగా చూపించవచ్చు. తీసేవాళ్లు సెట్టు గీయించే ముందు, ఆ వజ్రంలా ఈసారి ఎవరూ కదపకూడని వస్తువేదో నిర్ణయించుకోవాలి.