మైకేల్ షియర్డు వేషములు

నాటకము చూచి వచ్చినవారిని నటులెవరని యడిగినచో నాయకుని పేరు చెప్పుదురు, నాయిక పేరు చెప్పుదురు. ఉత్తరము తెచ్చినవానిని, నడుమనే చచ్చినవానిని ఎవరును తలపరు. అట్టి వేషములతోనే జీవితమంతయు గడపిన యొక బ్రిటిషు టెలివిజను నటుని గూర్చి మేమిచ్చట వ్రాయదలచితిమి.

మైకేల్ షియర్డు 1938లో స్కాట్లండునందలి అబర్డీనులో జన్మించి 2005లో మరణించెను. బి.బి.సి. వారి 'డాక్టర్ హూ' ధారావాహికలో 1966 మొదలు 1988 వఱకు ఆఱు కథలలో ఆఱుగురు వేర్వేఱు మనుష్యులుగా కనబడెను. వానిలో 1975 నాటి 'పిరమిడ్స్ ఆఫ్ మార్స్' మాకు మిక్కిలి నచ్చినది. అందతడు లారెన్సు స్కార్మన్. తన సోదరుడు మరణించెననియు, ఆ దేహమును వేఱొక శక్తి నడుపుచున్నదనియు చెప్పినను నమ్మజాలడు. తుదకు ఆ సోదరుని చేతులలోనే ప్రాణము విడుచును. కేకలు లేవు, రొమ్ము బాదుకొనుట లేదు. ప్రేమచే మోసపోయిన సాధువు మాత్రమే మనకు కనబడును.

ఇంతటి మార్దవము గలవానిని నిర్మాతలు ముఖము చూచి అధికారి యనియు, నియంత యనియు తేల్చివేసిరి! 1980 నాటి 'ది ఎంపైర్ స్ట్రైక్స్ బ్యాక్' చిత్రమున పొరపాటు చేసి, ప్రభువు కోపమునకు గొంతు నులుమబడి చచ్చు సేనాధిపతి ఓజెల్ ఇతడే.

బాలురకై బి.బి.సి. నడపిన 'గ్రేంజి హిల్' అను పాఠశాల కథలో 1985 నుండి 1989 వఱకు షియర్డు బ్రాన్సన్ అను ఉపప్రధానోపాధ్యాయుడు. అవి బడులలో బెత్తమును గూర్చి బ్రిటనులో తీవ్రవాదము జరిగిన దినములు. ప్రభుత్వపాఠశాలలలో అది 1987లో నిషిద్ధమయ్యెను. బ్రాన్సన్ పెట్టుడు జుట్టును జూచి పిల్లలు నవ్వుదురు. ఈ నవ్వు విషయమున రచయితలపై మాకు కొంత ఫిర్యాదు గలదు. క్రూరుడు హాస్యగాడైనచో అతని క్రౌర్యము తేలికయగును గదా! అయితే నటుడా తప్పు చేయలేదు. బ్రాన్సన్‌ను రాక్షసునిగా గాక, తాను చేయునది ధర్మమేయని మనసార నమ్మిన గృహస్థునిగా చూపెను. అట్టివారు మన యిండ్లలోను, బడులలోను లేరా? రాక్షసుని గుర్తించుట సులభము. వీరిని గుర్తించుట కష్టము.

డానీ కెండల్ అను బాలునికి చిత్రలేఖనమన్న ప్రాణము, కట్టుబాటన్న గిట్టదు. బ్రాన్సన్ వానిని వెంటాడును. పిల్లికి చెలగాటము, ఎలుకకు ప్రాణసంకటము. 1989లో ఆ పిల్లవాడు బ్రాన్సన్ కారులోనే శవమై కనబడును. అంతవఱకు నవ్విన పిల్లలకు ఇంక నవ్వు రాదు. నాలుగేండ్లు వట్టి విదూషకునిగా ఆడియుండినచో ఈ ఘట్టము నిలిచెడిది కాదని మా యభిప్రాయము.

బ్రాన్సన్ వేషము ముగిసిన ఆ సంవత్సరముననే 'ఇండియానా జోన్స్ అండ్ ది లాస్ట్ క్రూసేడ్' చిత్రమున షియర్డు హిట్లరై వచ్చెను. జనసమ్మర్దములో క్షణకాలము నిలిచి, చేతికందిన పుస్తకముపై సంతకము చేసి, వెడలిపోవును.