బ్లూసు పాటలలోని మర్మభాష

1903వ సంవత్సర ప్రాంతమున అమెరికాలోని మిసిసిపీ రాష్ట్రమందు టట్‌వైలరు అను నూరి రైలుస్టేషనులో డబ్ల్యూ. సి. హ్యాండీ యను వాద్యబృంద నాయకుఁడు రాత్రివేళ బండికై వేచియుండెను. చెంతనే చినిఁగిన బట్టలు దాల్చిన నల్లవాఁ డొకఁడు గిటారు తంత్రులపైఁ గత్తిని జార్చుచు వాయించి పాడెను. తాను పోఁదలఁచిన తావును దెలుపుచు నతఁడు వాడిన మాటలలో 'కుక్క' యను నర్థమిచ్చు నాంగ్లపదము కలదు. ఆ కుక్క జంతువు గాదు. మూర్‌హెడ్డు అను గ్రామమున సదరన్ రైలుమార్గమును మఱియొక చిన్న మార్గము ఖండించి పోయెడిది. ఆ రెండవదానిని జనులు 'పసుపుకుక్క' యని పిలిచిరి. వాడుకలో నది వట్టి 'కుక్క' యయ్యెను. హ్యాండీ 1941లోఁ బ్రకటించిన తన యాత్మకథయం దీ వృత్తాంతమును వ్రాసియున్నాఁడు.

ఆ పాటను వినిన స్థానికున కిందు మర్మ మేమియు లేదు. పరస్థలమువాఁడు మాత్రము పొడుపుకథ యని భ్రమించును. బ్లూసు భాషకు వ్యాఖ్య వ్రాయఁబూనినవారు తఱచుగాఁ దొట్రుపడు తావిదియే. తమకుఁ దెలియని మాట నెల్ల పాటగాఁడు దాఁచిన మాటగాఁ దలఁతురు.

నీలవర్ణమును దెలుపు పదము మనోవ్యాకులతకుఁ బేరగుట నల్లవారి సృష్టి గాదు. దుఃఖావేశమునకు 'నీలి దయ్యములు' అను పలుకుబడి యాంగ్లమునఁ బూర్వమే కలదు. 1798లో జార్జి కోల్మను రచించిన ప్రహసనమునకు నదియే పేరు. నల్లవా రా మాటను దీసికొని యొక గేయజాతికిఁ బేరుగా నిలిపిరి. ఆ గేయపు నడక సులభము. ఒక చరణమును రెండుమాఱులు పాడి, మూఁడవ చరణముతో దానికి బదులు చెప్పుదురు. ఈ యావృత్తి కేవలము తాళము నింపుటకుఁ గాదు. తొలిమాఱు వాచ్యార్థమును గ్రహించిన శ్రోతకు రెండవమాఱు వేఱొక యర్థమును వెదకుకొన వ్యవధి దొరకును. మూఁడవ చరణ మా రెంటిలో నేది నిలుచునో తేల్చును. ఉత్తమమైన పాటలలోఁ దేల్పకయే విడుచును.

1920 ఆగష్టులో మేమీ స్మిత్తు పాడిన 'క్రేజీ బ్లూస్' విరివిగా నమ్ముడుపోఁగా, నల్లవారి కొఱకే ప్రత్యేకముగా రికార్డులు చేయు వ్యాపారము వర్ధిల్లెను. పాడువారును గొనువారును నల్లవారు; వర్తకులు మిక్కిలిగాఁ దెల్లవారు. అర్థము తెలియని నడిమివాఁడు చెల్లనిచ్చిన మాట లా రికార్డులలోఁ బెక్కులు గలవు.

ఈ భాషపై ఆంగ్లమున గ్రంథములు కొఱఁతపడలేదు. పాల్ ఆలివర్ 1960లోను 1968లోను వెలువరించిన గ్రంథములును, స్టీఫెన్ కాల్ట్ 2009లోఁ బ్రకటించిన నిఘంటువును బేర్కొనఁదగినవి. అయినను వ్యాఖ్యాతలలో రెండు పక్షములు బలముగ నున్నవి. ఒక పక్షమువారికి బ్లూసులోని ప్రతి వస్తువును శృంగార సంకేతమే. రెండవ పక్షమువారికిఁ బ్రతి మాటయు దొరలపైఁ దిరుగుబాటే. భారతీయాలంకారికులు రూఢిని, శ్లేషను, అన్యాపదేశమును వేర్వేఱుగ నెంచిరి. ఆ వివేక మిచ్చటఁ బాటింపనిచోఁ బాట చెడును.

రూఢిపదములను జూడుఁడు. 'మోజో హస్తము' అను పదబంధ మీ పాటలలోఁ దఱచుగ వచ్చును. ఇందు హస్త మనఁగాఁ జేయి గాదు. వేళ్లు, ఎముకలు, పొడులు చేర్చి గుడ్డలో మూటగట్టి యొడలిపై దాఁచుకొను రక్ష. నల్లవారిలోఁ బరంపరగ వచ్చిన మంత్రౌషధ సంప్రదాయమునకు 'హూడూ' అని పేరు. జోరా నీల్ హర్స్టన్ అను విదుషి న్యూ ఆర్లియన్సులో మాంత్రికులకు శిష్యురాలై దాని నభ్యసించి, 1935లో 'మ్యూల్స్ అండ్ మెన్' అను గ్రంథమున వివరించెను. ఆ గ్రంథమును జదువక బ్లూసు వ్యాఖ్యకుఁ బూనుట, ఆగమములు చూడక దేవాలయ శిల్పమును వర్ణించుట వంటిది.

రాబర్టు జాన్సను 1937లోఁ బాడిన 'హెల్‌హౌండ్ ఆన్ మై ట్రెయిల్' అను పాటలో నాయకుని వాకిటఁ జల్లిన పొడియొకటి ప్రస్తావింపఁబడెను. కొందఱు దీనిని మనశ్చాంచల్యమునకు రూపకముగఁ జెప్పిరి. హూడూలో నీ పొడికి నిశ్చితమైన ప్రయోజన మున్నది: త్రొక్కినవాఁడు నిలువనీడ లేక యూరూరఁ దిరుగవలెను. ఉచ్చాటనప్రయోగ మెఱిఁగిన తెలుఁగు చదువరికి దీనిని విప్పి చెప్పనక్కఱలేదు. భేదము చిన్నది గాదు. రూపకమైనచో నాయకుని దైన్యమునకుఁ గర్త లేఁడు. ఉచ్చాటనమైనచోఁ జల్లినచేయి యొకటి యున్నది, ఆ చేయి ప్రియురాలిది. పాటయంతయు నప్పుడు నింద యగును.

'చంపు నేల' యను పదమును నిట్టిదే. అది కబేళాలోఁ బశువులను వధించు నేల. దక్షిణమునుండి వలసవచ్చిన నల్లవారు షికాగో కబేళాలలోఁ బని చేసిరి. స్కిప్ జేమ్సు 1931లోను హౌలిన్ వుల్ఫ్ 1964లోను దమ పాటల కీ మాటనే పేరుగాఁ బెట్టిరి. వారి పాటలలో నిది లక్షణచే నిస్సహాయస్థితిని దెలుపును. కాని నెత్తురుతో జాఱు నేలమీఁద నిలిచినవారి నోట నది వట్టి యలంకారము గాదు. టామీ జాన్సను 1928లోఁ బాడిన 'క్యాన్డ్ హీట్ బ్లూస్' మఱింత దారుణము. 'డబ్బాలోని వేఁడి' యనఁగా నేదో తాపమని తలఁచువారుందురు. అది వంటకై డబ్బాలలో నమ్మెడి సారాయి యింధనము. మద్యనిషేధపు దినములలో బీదలు దానిని వడియగట్టి త్రాగిరి. ఇందు మర్మమును వెదకువాఁడు విషమును జూడఁడు.

శ్లేషమాట వేఱు. ఇచ్చట రెండర్థములును గవి యుద్దేశించినవే, శ్రోతయు రెంటికిని నవ్వును. జాన్సను 1936లోఁ బాడిన 'టెరాప్లేన్ బ్లూస్' హడ్సన్ కంపెనీవారి మోటారుకారు పేరఁ గట్టినది. యంత్రభాగములు చెడుటయుఁ, దనకుఁ దెలియక వేఱొకఁడు నడపుటయు వర్ణించుచు నాయిక యపరాధమును నాయకుఁ డడుగును. కారు పోలిక మొదటినుండి చివరవఱకుఁ జెడక నిలుచుటచే నిది రచనగా మెచ్చఁదగినది. 1928లో టాంపా రెడ్, జార్జియా టామ్ అనువారు పాడిన 'ఇట్స్ టైట్ లైక్ దట్' మొదలగు వానిలో నంత నేర్పు లేదు. ఒకమాఱు గుట్టు తెలిసినచో మఱల వినుటకు మిగులున దేమియు నుండదు. ఆ జార్జియా టామే టామస్ డోర్సీ యను పేర 1932లో 'ప్రెషస్ లార్డ్' అను భక్తిగీతమును రచించి క్రైస్తవగాయకులలోఁ బూజ్యుఁ డయ్యెను. శృంగారకవుల వార్ధకము నెఱిఁగినవారి కిది వింత గాదు.

మా రేనీ 1924లోఁ బాడిన 'సీ సీ రైడర్' విషయమునఁ బండితుల శ్రమ మితిమీఱినది. 'రైడర్' అనఁగా రౌతు. నల్లవారి పలుకుబడిలోఁ బ్రియుఁడో ప్రియురాలో. ముందున్న రెండు ధ్వనులను బొడియక్షరములుగఁ జేసి, గుఱ్ఱమెక్కి తిరుగు బోధకుఁడని యొక్కరు, సైనికోద్యోగి యని యొక్కరు విప్పిరి. 'చూడు, చూడు' అను పిలుపుగాఁ దీసికొన్నచో నే క్లేశమును లేదు.

లేని మర్మమును గల్పించుటవలనఁ గలుగు నష్టమునకు 1936 నాఁటి 'క్రాస్ రోడ్ బ్లూస్' సాక్షి. రాబర్టు జాన్సను నాలుగుత్రోవల కూడలిలో దయ్యమునకు నాత్మ నమ్మి గానవిద్య గడించెనను కథ లోకమెల్ల వ్యాపించినది. అట్టి కథను నిజముగఁ జెప్పినది పై టామీ జాన్సను సోదరుఁడు, తన తోఁబుట్టువును గూర్చి. ఇరువురకును నింటిపేరు మాత్ర మొక్కటి. పాటలో దయ్యము లేదు, బేరమును లేదు. నాయకుఁడు మోఁకరిల్లి దేవుని కరుణ వేఁడును, దారినిఁ బోవు బండి నాపఁజూచును, ఎవ్వరు నాఁగరు, ప్రొద్దు గ్రుంకుచుండును. నాఁటి మిసిసిపీలోఁ గ్రొత్తచోటఁ జీఁకటి పడిన నల్లవానిని దిరుగుబోతని చెఱసాలఁ బెట్టవచ్చును, మూఁక చంపనువచ్చును. దయ్యపుకథ యీ భయమును గప్పివేసినది. రహస్యార్థమును గనుఁగొంటి మనువారు స్పష్టార్థమును బోఁగొట్టుట యిట్లు.

ఇఁక నన్యాపదేశము. నల్లవారి భాషలో 'సిగ్నిఫై' యను క్రియకు 'అర్థమిచ్చు' అను సామాన్యార్థము తొలఁగి, ఒకరి నుద్దేశించి వేఱొకరితో నాడు, పరోక్షమున నెత్తిపొడుచు అను నర్థము నిలిచినది. హెన్రీ లూయీ గేట్స్ 1988లో నీ యొక్క మాట నాధారము చేసికొని గ్రంథమునే రచించెను. దీనికిఁ బాటగాండ్ర నోటి సాక్ష్యము గలదు. 1947లో ఆలన్ లోమాక్స్ న్యూయార్కునందు బిగ్ బిల్ బ్రూంజీ, మెంఫిస్ స్లిమ్, సన్నీ బాయ్ విలియమ్సన్ అను మువ్వురను గూర్చుండఁబెట్టి, వారు మాటలాడుకొన్న దెల్ల రికార్డు చేసెను. యజమానుని మొగముమీఁదఁ దిట్టఁజాలని కూలివాఁడు, గుఱ్ఱము తన కాలు త్రొక్కినట్లు నటించి దానిపై ఆ తిట్లను బాడునని బ్రూంజీ చెప్పెను. ఇట్టి పాట యొకవిధమైన పగ తీర్చుకొనుట యని స్లిమ్ వ్యాఖ్యానించెను. తుమ్మెదను బిలిచి నాయకుని దెప్పు కవిసమయమునకును దీనికిని రూపమొక్కటియే. అచ్చట లజ్జ కారణము, ఇచ్చటఁ బ్రాణభయము.

ఈ సాక్ష్యమును జూపి బ్లూసులోని ప్రతి క్రూరనాయికయు మాఱువేషమున నున్న యజమానుఁ డనుట తగదు. మా రేనీ, బెస్సీ స్మిత్తు పాడిన క్రూరపురుషుఁడు క్రూరపురుషుఁడే కావచ్చును. ఆ పాట పాడినవారో, వారితోడి కూలివారో చెప్పినచోట అన్యాపదేశము నంగీకరింపవలెను. తక్కినచోట వాచ్యార్థమునకే మొదటి యధికారము.

ఆ సంభాషణము ముగిసినపిదప మువ్వురును భయపడిరి. దక్షిణమున నున్న బంధువులకుఁ గీడు మూఁడునని, తమ పేరులు వెలిపుచ్చవలదని లోమాక్సును గోరిరి. అతఁడు 1948లో 'నాచెజ్', 'లీరాయ్', 'సిబ్' అను కల్పితనామములతో దానిని బత్రికలోఁ బ్రకటించెను. 1950 తరువాతి దశాబ్దమున రికార్డు వెలువడినప్పుడును నిజనామములు దాఁపఁబడెను. అవి 1990లోఁ గాని రికార్డుపై నెక్కలేదు. సన్నీ బాయ్ 1948లోను, బ్రూంజీ 1958లోను, స్లిమ్ 1988లోను మరణించిరి.