'దాసి' చిత్రము – మౌనవ్యంజన

1946లో ప్రజ్ఞాపురమున జనించిన బి. నర్సింగరావుగారు 'మాభూమి' (1979)కి నిర్మాతలై, 'రంగులకల' (1983)తో దర్శకులైరి. వారి ప్రతిభకు నికషము 'దాసి' (1988). అందు కమలాక్షి దుఃఖము వాచ్యము కాదు. ఎడతెగని గడీచాకిరియే అనుభావమై కరుణమును స్ఫురింపజేయును. దొరవలన గర్భవతియైన యామెను గర్భస్రావమునకు నిర్బంధించుచోటను విలాపవాక్యములు లేకుండుట గుణమే. జాతీయపురస్కారము లైదు లభించుట యుచితము.

పేరు మాత్రము చింత్యము. 'దాసి' హ్రస్వాంతమైనను తత్సమమే. ఏ పురాణకథకైనను చెల్లును. తెలంగాణమున పెండ్లికూతువెంట అరణముగా దొరలయింటికి పంపబడిన బానిసపిల్లను 'ఆడబాప' యనెడివారు. చిత్రమంతయు దేశ్యజీవనమునే చూపినవారు శీర్షికయందా దేశ్యపదమునేల విడిచిరో! చూపరికి గడీతలుపు తెరచునది ఆ మాటయే.