అల్లుళ్లకంటే చిన్నదైన అత్త

'గుండమ్మ కథ' 1962లో విడుదలైనప్పుడు గుండమ్మగా వేసిన సూర్యకాంతం వయసు 37. అందులో ఆవిడకు అల్లుళ్లుగా వేసిన ఎన్టీ రామారావు 1923లో, అక్కినేని నాగేశ్వరరావు 1924 సెప్టెంబరులో పుట్టారు. ఆవిడ పుట్టింది 1924 అక్టోబరులో. అంటే అల్లుళ్లిద్దరూ అత్తగారికంటే పెద్దవాళ్లే. కూతురు సరోజగా వేసిన జమునకీ ఆవిడకీ తేడా పన్నెండేళ్లు. 1957 నాటి 'మాయాబజార్'లో ఆవిడ వేసిన హిడింబికి కొడుకు ఘటోత్కచుడిగా నిలబడ్డ ఎస్వీ రంగారావు తల్లికంటే ఆరేళ్లు పెద్ద. సినిమా నడుస్తున్నంతసేపూ ఈ లెక్క ఎవరికీ తట్టదు. కథానాయిక ఉన్న వయసును ఖర్చుపెట్టుకుంటూ పోతుంది, క్యారెక్టర్ నటి లేని వయసును తయారుచేసుకుంటుంది. 1950లో 'సంసారం' నాటికి 26 ఏళ్లకే గయ్యాళి అత్తగా కుదురుకున్న మనిషికి, నిజంగా వయసు మీద పడ్డాక పోయేదేముంది? 1994లో కన్నుమూసేదాకా ఆవిడ పేరు నిలబడిందంటే అదృష్టం ఒక్కటే కారణం కాదు, పునాదే అలాంటిది.

ఎప్పుడూ ఒకటే వేషం కదా, ఆ ఎడమచెయ్యి తిప్పడం, ఆ గొంతు, ఆ దబాయింపు తప్ప ఇంకేముందని అడిగేవాళ్లున్నారు. వేషం ఒకటేనన్నది నిజం. మనిషి ఒకటేనా అన్నది 'గుండమ్మ కథ'లోనే తేలుతుంది. సవతి కూతురు లక్ష్మి చేత ఇంటిచాకిరీ చేయించే గుండమ్మ మొదటి సగంలో పెత్తనానికి మరో పేరు. తర్వాత ఆ ఇంట్లోకి ఛాయాదేవి వేసిన దుర్గమ్మ చొరబడుతుంది. గయ్యాళికి గయ్యాళి ఎదురుపడ్డాక గుండమ్మ సొంత ఇంట్లోనే దిక్కులేనిదైపోతుంది. అదే మనిషి, అదే గొంతు. మాటకు ముందుండే ధీమా మాత్రం జారిపోతుంది. అంతవరకూ తిట్టుకున్న ప్రేక్షకుడు లక్ష్మి వచ్చి ఆవిణ్ణి కాపాడాలని కోరుకుంటాడు. హిందీ, బెంగాలీల మధ్య పెరిగే తెలుగు పిల్లలకు డీవీ నరసరాజు మాటల్లో సగం అందకపోవచ్చు, ఆ జారుడు మాత్రం అందుతుంది. ఒకే మూసలో ఉంటూ మన పక్షాన్ని మార్పించగలగడం పది రకాల వేషాలు కట్టడంకంటే కష్టం.

మరో అభ్యంతరం బరువైనది. అత్త అంటే రాక్షసి అని ఇంటింటా నమ్మించింది ఈ పాత్రలే కదా? ఆ తప్పులో కథకుల వాటా పెద్దది, ఆ కథలు ఒప్పుకున్న నటికీ కొంత వాటా ఉంది. కానీ కాగితం మీద ఒట్టి దుర్మార్గంగా ఉన్న మనిషికి ఆవిడ ఒక భయాన్ని జతచేసింది. మొగుడు లేని ఇంట్లో పెత్తనం చేజారితే తన గతేమిటన్న భయం అది. గుండమ్మ మీద జాలి పడగలిగామంటే ఆ భయం మనకు ముందునుంచీ కనబడుతూనే ఉంది. కథ ఇరుకుగా కట్టిన గదికి నటి పెట్టిన కిటికీ అది.

ఇక నాకు సమాధానం దొరకని అభ్యంతరం ఒకటుంది. బ్రిటన్ నటి మ్యాగీ స్మిత్ 1952లో ఆక్స్‌ఫర్డ్‌లో నాటకాలతో మొదలై, రెండు ఆస్కార్లు అందుకుని, సినిమాలూ టీవీ చేస్తూ కూడా రంగస్థలాన్ని వదులుకోలేదు. 2019లో 84 ఏళ్ల వయసులో లండన్‌లో 'ఎ జర్మన్ లైఫ్' నాటకాన్ని ఒక్కతే మోసింది. ముసలి నటి కోసం అక్కడ ఒక రచయిత పూర్తి నాటకం రాశాడు, ఒక థియేటర్ దాన్ని ఆడించింది. మన నిర్మలమ్మ నాటకాల్లో ఆరితేరిన మనిషి. 1943లో 'గరుడ గర్వభంగం'తో తెరమీదికొచ్చి, 1991లో 'గ్యాంగ్ లీడర్' నాటికీ బామ్మగా కళకళలాడుతూనే ఉంది. ఆవిడకోసం అలాంటి నాటకం ఎవరూ రాయలేదు. సూర్యకాంతానికి సినిమా పేరులోనే చోటు దక్కింది గుండమ్మతో. అన్నేళ్లపాటు సినిమాలొచ్చాయని గర్వపడుతున్నాం సరే, ఆ సినిమాల్లో వాళ్లకు దక్కిన సన్నివేశాలు ఎన్ని? సుదీర్ఘ నటజీవితం నటి గొప్పతనానికి రుజువు. ఆ జీవితమంతా చిన్న చిన్న ముక్కలుగా గడిచిపోతే అది మన రచయితల లేమికీ రుజువే. సన్మానాలు, శతజయంతులు ఆ లోటు పూడ్చలేవు. అరవై దాటిన నటిని నడుమ నిలబెట్టే నాటకమో సినిమానో రాస్తేనే పూడుతుంది.